పాత ఇంగ్లీషు మాటలు, మారిన అర్థాలు: తరచుగా అడిగే ప్రశ్నలు

ఎం.ఏ. ఇంగ్లీషు విద్యార్థులు, 1611 నాటి ఇంగ్లీషు బైబిలు చదివేవారు, తాతల నాటి దస్తావేజులు ముందేసుకుని కూర్చున్న వారసులు, కుంఫిణీ (ఈస్టిండియా కంపెనీ) కాలపు కాగితాలు తిరగేసే స్థానిక చరిత్రకారులు. వీళ్లందరూ వేరువేరు దారుల్లో వచ్చినా అడిగే సందేహాలు ఇంచుమించు ఒకే తీరుగా ఉంటాయి. పదే పదే వచ్చినవాటిని ఇక్కడ ఒకచోట చేర్చాను. ఎక్కడి నుంచి చదివినా ఇబ్బంది లేదు.

ఒక హెచ్చరిక మాత్రం ముందే. వింతగా కనిపించే పదంతో భయం లేదు, అదే మన చేత నిఘంటువు తెరిపిస్తుంది. బాగా తెలిసిన మాటలా కనిపిస్తూ లోపల మరో అర్థం దాచుకున్న పదమే పాఠకుణ్ణి ముంచుతుంది.

## చదవడం మొదలుపెట్టేముందు

షేక్స్‌పియర్ రాసింది ఓల్డ్ ఇంగ్లీషేనా?

కాదు. భాషాశాస్త్రంలో ఓల్డ్ ఇంగ్లీషు అంటే సుమారు 1100కు ముందు ఇంగ్లండులో మాట్లాడిన భాష. ఈనాటి ఇంగ్లీషువాళ్లు కూడా దాన్ని పరాయి భాషలాగే నేర్చుకోవాలి. ఆ తరువాత 1500 ప్రాంతం దాకా మిడిల్ ఇంగ్లీషు. 1400లో మరణించిన కవి ఛాసర్ ఈ కాలం వాడు. షేక్స్‌పియర్ (1564–1616) రాసింది తొలినాటి ఆధునిక ఇంగ్లీషు. అందువల్లే ఆయన వాక్యాల్లో ముప్పాతిక వంతు మనకు తెలిసినట్టే ఉంటుంది, తికమకపెట్టేది మిగతా పాతిక వంతు. ఇక్కడ చెప్పేదంతా 1500 తరువాతి ఇంగ్లీషు గురించే.

నిఘంటువులో కొన్ని పదాల పక్కన ఆర్కాయిక్ అని, కొన్నింటి పక్కన అబ్సొలీట్ అని ఉంటుంది. రెండూ ఒకటే కదా?

ఒకటి కాదు. అబ్సొలీట్ అంటే వాడుక పూర్తిగా ఆగిపోయిన పదం లేదా అర్థం. ఆర్కాయిక్ అంటే రోజువారీ మాటల్లోంచి తప్పుకున్నా ప్రార్థనల్లో, కవిత్వంలో, న్యాయపత్రాల్లో ఇంకా ఊపిరితో ఉన్న పదం. డేటెడ్ అనే మూడో గుర్తు కూడా ఉంది, అది తాతల తరం వాడిన మాటలకు. రేడియోను ‘వైర్‌లెస్’ అనడం అలాంటిది. ఆక్స్‌ఫర్డ్ పెద్ద నిఘంటువులో వాడుక ఆగిపోయిన పదం ముందు చిన్న బాకు గుర్తు వేస్తారు. 1884 నుంచి భాగాలుగా వెలువడి 1928లో పూర్తయిన ఆ నిఘంటువుకు ఒక మంచి నియమం ఉంది: ఒకసారి చేర్చిన పదాన్ని, అది చచ్చిపోయినా సరే, తీసివేయరు.

పాత పుస్తకాల్లో ఎస్ ఉండాల్సిన చోట ఎఫ్ ఎందుకు అచ్చయింది?

అది ఎఫ్ కాదు, పొడుగు ఎస్. దగ్గరగా చూస్తే అడ్డగీత ఎడమవైపు మాత్రమే ఉంటుంది, లేదా అసలే ఉండదు. పదం మొదట్లో, మధ్యలో పొడుగు ఎస్, చివర మామూలు ఎస్ వేయడం ఆనాటి అచ్చు పద్ధతి. 1800 ప్రాంతంలో ఇంగ్లండు ముద్రాపకులు దీన్ని వదిలేశారు. స్కాన్ చేసిన 18వ శతాబ్దపు పుస్తకాల్లో కంప్యూటర్ దీన్ని తరచుగా ఎఫ్ అనే చదువుతుంది. కాబట్టి వెతికిన పదం దొరకకపోతే ఎస్ బదులు ఎఫ్ పెట్టి మరోసారి వెతకండి.

దుకాణాల బోర్డుల మీద ‘యీ ఓల్డ్’ అని ఉంటుంది. ఆ ‘యీ’ అంటే ఏమిటి?

అది ‘ది’ మాత్రమే. ఒకప్పుడు ఇంగ్లీషులో ‘ద’ ధ్వనికి థార్న్ అనే విడి అక్షరం ఉండేది. అచ్చు యంత్రాలు వచ్చాక ఆ అక్షరం దిమ్మ దొరకనిచోట, చూడటానికి దగ్గరగా ఉందని వై వేశారు. చదివేవాళ్లు మాత్రం ‘ది’ అనే చదివారు. ‘యీ’ అని పలకడం తరువాతి తరాల సొంత కల్పన.

## దౌ, దీ, హాత్

దౌ, దీ, దై, యీ: ఇవి ఎవరిని ఉద్దేశించినవి?

తెలుగువాళ్లకు ఇది చిటికెలో పని. దౌ అంటే నువ్వు, దీ అంటే నిన్ను లేదా నీకు, దై అంటే నీ. అచ్చుతో మొదలయ్యే పదం ముందు దై కాస్తా దైన్ అవుతుంది. యీ (ఇది బోర్డుల మీది యీ కాదు, వేరే పదం) అంటే మీరు, యూ అంటే మిమ్మల్ని. ఈ చివరి రెండూ 16వ శతాబ్దంలోనే కలగాపులగమై, చివరికి యూ ఒక్కటే నిలిచింది. ఏకవచనం, బహువచనం అనే తేడాతో పాటు నువ్వు–మీరు మర్యాద కూడా వీటిలో ఉండేది. తల్లిదండ్రులు పిల్లలను, యజమాని నౌకరును, ప్రియుడు ప్రియురాలిని దౌ అనేవారు. పెద్దలను, అపరిచితులను యూ అనేవారు.

తేడా తెలియకపోతే నాటకంలో సగం రసం పోతుంది. అప్పటిదాకా యూ అంటున్న పాత్ర ఉన్నట్టుండి దౌలోకి దిగిందంటే ప్రేమ పొంగిందన్నా కావాలి, కోపం ముదిరిందన్నా కావాలి. ‘ట్వెల్ఫ్‌త్ నైట్’ నాటకంలో సర్ టోబీ తన స్నేహితుణ్ణి ద్వంద్వయుద్ధానికి పురికొల్పుతూ, ప్రత్యర్థికి రాసే లేఖలో మూడుసార్లు దౌ అనమని సలహా ఇస్తాడు. నాటకంలోనే కాదు, న్యాయస్థానంలోనూ ఈ దెబ్బ పనిచేసింది. 1603లో సర్ వాల్టర్ రాలీ మీద రాజద్రోహ విచారణ జరిగినప్పుడు ప్రభుత్వ న్యాయవాది ఎడ్వర్డ్ కోక్, ‘ద్రోహీ, నిన్ను దౌ అంటున్నాను’ అని దౌను క్రియగా మార్చి మరీ తిట్టాడు. మన దగ్గర నడివీధిలో ‘ఏమిటి, నువ్వు అంటున్నావు?’ అని గొడవకు దిగేవాళ్లకు ఇది వెంటనే అర్థమవుతుంది.

17వ శతాబ్దంలో మామూలు వాడుకలోంచి దౌ జారిపోయింది. అందరూ సమానమని నమ్మిన క్వేకర్లు అనే క్రైస్తవ శాఖవారు మాత్రం గొప్పవాళ్లనూ ఏకవచనంతోనే పిలిచి అవమానాలు పడ్డారు. యార్క్‌షైర్ మాండలికంలో దాని ఛాయలు చాలాకాలం నిలిచాయి.

బైబిల్లో దేవుణ్ణి దౌ అంటారు కదా, అంటే అది గౌరవ వాచకం కాదా?

కాదు. 1611 బైబిలు అనువాదకులు హీబ్రూ, గ్రీకు మూలాల్లో ఏకవచనం ఉన్నచోట దౌ, బహువచనం ఉన్నచోట యీ, యూ పెట్టారు. దేవుడైనా, సాతానైనా, గాడిదైనా ఒక్కరే అయితే దౌ. తరువాతి కాలంలో ప్రార్థనలో తప్ప దౌ వినబడకపోవడంతో దానికి పవిత్రత అంటుకుంది. మనం రాముణ్ణి ‘నీవే దిక్కు’ అంటాం కానీ ‘మీరే దిక్కు’ అనం కదా, ఇదీ అంతే.

ఈ తేడా అర్థాన్నే మార్చే చోట్లు ఉన్నాయి. లూకా సువార్త 22వ అధ్యాయంలో యేసు పేతురుతో, సాతాను ‘యూ’ కోరుకున్నాడు, నేను ‘దీ’ కోసం వేడుకున్నాను అంటాడు. మొదటిది శిష్యులందరినీ, రెండోది పేతురు ఒక్కణ్ణీ చెబుతుంది. నేటి ఇంగ్లీషు యూలో ఈ తేడా మాయమైపోతుంది. తెలుగు బైబిల్లో ‘మిమ్మును’, ‘నీకొరకు’ అని చక్కగా నిలిచింది.

హాత్, డత్, సెత్ అనేవి వేరే క్రియలా?

కావు. హాజ్, డజ్, సేస్ అనే రూపాలకు పాత వేషాలు. అతడు, ఆమె, అది కర్తలైనప్పుడు క్రియ చివర ‘ఎత్’ వచ్చేది. ఆ స్థానంలోకి ఇంగ్లండు ఉత్తరాది నుంచి ఎస్ దిగివచ్చింది. షేక్స్‌పియర్ రెండూ వాడాడు, ఛందస్సుకు ఏది కుదిరితే అది. దౌ కర్త అయితే క్రియ చివర ‘ఎస్ట్’ వస్తుంది.

## నాటకాలు, బైబిలు చదువుతున్నప్పుడు

‘వేర్‌ఫోర్ ఆర్ట్ దౌ రోమియో’ అంటే ‘రోమియో, ఎక్కడున్నావు?’ అనే కదా?

కాదు, ‘నువ్వు రోమియోవి ఎందుకయ్యావు?’ అని. వేర్‌ఫోర్ అంటే ఎందుకు. దానికి జవాబుగా వచ్చే దేర్‌ఫోర్ అంటే ‘అందువల్ల’ అని మనకు తెలిసిందే, రెండూ జంట పదాలు. జూలియెట్ రోమియో కోసం వెతకడం లేదు. అతను తోట చీకట్లో కింద ఉన్నాడన్న సంగతే ఆమెకు తెలియదు. శత్రువుల ఇంటి పేరు ఇతనికే ఎందుకు వచ్చిందన్నది ఆమె బాధ. నుదుటి మీద చెయ్యి అడ్డం పెట్టుకుని దూరంగా వెతుకుతూ ఈ మాట పలికే పాఠశాల జూలియెట్‌లను చూసినప్పుడల్లా నవ్వు ఆపుకోవడం కష్టం.

ప్రతి మాటా తెలిసిందే, అయినా వాక్యం అర్థం కావడం లేదు. ఏ పదాలను అనుమానించాలి?

మొదట ‘లెట్’ను. దీనికి అనుమతించడం అనే అర్థంతో పాటు అడ్డగించడం అనే అర్థం కూడా ఉండేది. నిజానికి ఇవి ఓల్డ్ ఇంగ్లీషులో రెండు వేరు క్రియలు, కాలక్రమంలో ఒకే రూపంలోకి వచ్చాయి. హామ్లెట్ తన తండ్రి ప్రేతం వెంట పరుగెత్తబోతూ, నన్ను ‘లెట్’ చేసేవాణ్ణి ప్రేతంగా మారుస్తానంటాడు. అంటే ఆపేవాణ్ణి చంపుతానని. ఈ పాత అర్థం చచ్చిపోయిందనుకోకండి, మీ పాస్‌పోర్టులోనే ఉంది. భారత రాష్ట్రపతి పేరిట లోపల అచ్చయిన విజ్ఞప్తిలో ‘లెట్ ఆర్ హిండ్రెన్స్’ లేకుండా వెళ్లనివ్వమని ఉంటుంది. రెండు మాటలకూ అడ్డంకి అనే అర్థం.

తరువాతిది ‘ప్రివెంట్’. 1611 బైబిల్లో దీనికి నివారించడం కాదు, ముందుగా వెళ్లడం అని అర్థం. ప్రీ అంటే ముందు, లాటిన్‌లో వెనీరే అంటే రావడం. ‘సఫర్’ అంటే చాలాచోట్ల బాధపడటం కాదు, అనుమతించడం. చిన్నపిల్లలను సఫర్ చేయండి అని యేసు అన్నది వాళ్లను తన దగ్గరికి రానివ్వమని. ‘కాన్వర్సేషన్’ సంభాషణ కాదు, నడవడిక. ‘మీట్’ మాంసం కాదు, ఏ ఆహారమైనా. ఆదికాండం మొదటి అధ్యాయంలో దేవుడు మీట్‌గా ఇచ్చినవి విత్తనాలిచ్చే మొక్కలు, పండ్లు! మిఠాయిని స్వీట్‌మీట్ అనడంలో ఆ అర్థమే మిగిలింది. ‘క్విక్’ అంటే బతికున్న. క్విక్ అండ్ ది డెడ్ అంటే సజీవులు, మృతులు. పాదరసాన్ని క్విక్‌సిల్వర్ అన్నది అది ప్రాణమున్నట్టు కదులుతుందనే.

షేక్స్‌పియర్‌లో ‘ప్రెజెంట్లీ’ అంటే కాసేపట్లో కాదు, తక్షణం. ‘నాటీ’ అంటే అల్లరి కాదు, దుర్మార్గం. ‘నైస్’కు ఇంకా పొడుగు చరిత్ర ఉంది. తెలియనివాడు అనే లాటిన్ పదం నుంచి పుట్టి, ఇంగ్లీషులో మూర్ఖుడిగా అడుగుపెట్టి, మరీ సున్నితమైన, మరీ పట్టింపుగల అనే మెట్లు ఎక్కి నేటి ‘బాగుంది’కి చేరింది. ‘సిల్లీ’ సరిగ్గా ఎదురు దారి పట్టింది: ధన్యుడు, అమాయకుడు, చివరికి తెలివితక్కువవాడు.

ప్రితీ, ఎనన్, ఫర్‌సూత్ వంటి చిన్న మాటలు ప్రతి పుటలో ఉంటాయి. ఒక్కొక్కటీ వెతకాలా?

అక్కర్లేదు, గుప్పెడే ఉన్నాయి. ప్రితీ అంటే నిన్ను వేడుకుంటున్నాను, మన ‘దయచేసి’ అంత. ఎనన్ అంటే ఇదిగో, వెంటనే. ఫర్‌సూత్ అంటే నిజంగా, తరచూ వెటకారంగా. మెథింక్స్ అంటే నాకు తోస్తున్నది. హైదర్, థిదర్, విదర్ అంటే ఇటు, అటు, ఎటు. ఎయర్ అంటే అంతకుముందు. ఇవి తెలిస్తే చాలు, మొదటి అంకం దాటేస్తారు.

## పాత నవలలు చదువుతున్నప్పుడు

జేన్ ఆస్టెన్ నవలలో ‘కాండిసెన్షన్’ను పొగడ్తగా వాడారు. అచ్చు తప్పా?

తప్పు కాదు. ఈనాడు అది ఎదుటివారిని తక్కువ చేసి మాట్లాడటం. ఆనాడు మాత్రం గొప్ప హోదా ఉన్నవారు తమంతట తాము దిగివచ్చి చిన్నవాళ్లతో కలివిడిగా ఉండటం. 1813లో వచ్చిన ‘ప్రైడ్ అండ్ ప్రెజుడిస్’లో కాలిన్స్ దొర తన పోషకురాలు లేడీ కాథరీన్ గురించి ఈ మాట నోరారా అంటాడు. అతని వరకు అది స్తుతి. కానీ ఆమె ప్రవర్తన చూస్తున్న పాఠకుడికి నేటి అర్థమూ సరిపోతుంది, రచయిత్రి చమత్కారం అక్కడుంది. ఆస్టెన్ వాడే ‘కాండర్’ కూడా అంతే: కుండబద్దలు కొట్టడం కాదు, ఇతరులను మంచి మనసుతో అంచనా వేయడం.

పాత నవలల్లో ‘మేక్ లవ్’, ‘ఇజాక్యులేట్’ చూసి కంగారుపడ్డాను. ఇవి అశ్లీలాలా?

కావు. 19వ శతాబ్దంలో మేక్ లవ్ అంటే వలపు మాటలు చెప్పడం, పెళ్లి ఉద్దేశంతో మచ్చిక చేసుకోవడం. బండిలో పక్కన కూర్చుని, అందరూ చూస్తుండగా చేయగలిగిన పని. ఇజాక్యులేట్ అంటే ఉలిక్కిపడి ఒక్కసారి అనేయడం. షెర్లాక్ హోమ్స్ కథల్లో వాట్సన్‌కు ఇది అలవాటే. ఇంటర్‌కోర్స్ అంటే రాకపోకలు, మాటామంతీ.

గినీ, షిల్లింగు, క్రౌను, ఫార్థింగ్: ఈ లెక్క ఎలా తెలుస్తుంది?

పౌనుకు 20 షిల్లింగులు, షిల్లింగుకు 12 పెన్నీలు, అంటే పౌనుకు 240 పెన్నీలు. పెన్నీలో పావు ఫార్థింగ్. 5 షిల్లింగులు ఒక క్రౌను. గినీ అంటే 21 షిల్లింగులు. ఆఫ్రికాలోని గినీ తీరపు బంగారంతో కొట్టిన నాణెం కాబట్టి ఆ పేరు. 1814 తరువాత నాణెం కొట్టడం మానేసినా, వైద్యులు, న్యాయవాదులు ఫీజు గినీల్లోనే చెప్పేవారు, అది దర్జా. రూపాయికి 16 అణాలు, 64 పైసలు లెక్కపెట్టిన తరానికి ఇదేమీ వింత కాదు. మనం 1957లో దశాంశ పద్ధతికి మారాం, బ్రిటన్ 1971 ఫిబ్రవరి 15న మారింది.

పాత్రలు ఏగ్యూ, డ్రాప్సీ, కన్సంప్షన్‌తో చనిపోతుంటారు. ఇవేం జబ్బులు?

ఏగ్యూ అంటే చలిజ్వరం, చాలాసార్లు మలేరియా. డ్రాప్సీ అంటే ఒంటికి నీరు పట్టడం. కన్సంప్షన్ అంటే క్షయ, రెండు భాషలూ మనిషి కరిగిపోవడాన్నే పట్టుకున్నాయి. కింగ్స్ ఈవిల్ అంటే మెడ దగ్గర గ్రంథులు వాచే ఒక రకం క్షయ. రాజు తాకితే పోతుందని నమ్మేవారు. నిఘంటుకారుడు శామ్యూల్ జాన్సన్‌ను పసితనంలో, 1712లో, రాణి ఆన్ చేత తాకించారు. నయం కాలేదు.

## దస్తావేజులు, కుంఫిణీ కాగితాలు

ముత్తాత కాలపు దస్తావేజు ‘నో ఆల్ మెన్ బై దీజ్ ప్రెజెంట్స్’ అని మొదలవుతుంది. ఏ బహుమతుల గురించి?

బహుమతులేమీ లేవు. ‘దీజ్ ప్రెజెంట్స్’ అంటే మీ చేతిలో ఉన్న ఈ పత్రమే. ‘ఈ పత్రం ద్వారా సమస్త జనులకు తెలియజేయడమేమనగా’ అని దాని భావం. ‘విట్‌నెసెత్’ అంటే ఈ పత్రం సాక్ష్యమిస్తున్నది. ‘మెసుయేజ్’ అంటే దొడ్డి, కొట్టాలు, చుట్టూ ఉన్న జాగాతో సహా ఇల్లు. ‘డిమైజ్’ చూసి ఎవరో పోయారనుకోకండి, దస్తావేజులో అది కౌలుకు ఇవ్వడం. ‘ఎయిర్స్ అండ్ అసైన్స్’ను మన ‘పుత్రపౌత్ర పారంపర్యంగా’తో సమానం చేయడం పొరపాటు. అసైన్స్‌లో రక్తసంబంధం లేకుండా హక్కు బదిలీ పొందినవారూ వస్తారు. వాటా తగాదా ఉంటే మాత్రం నిఘంటువుతో సరిపెట్టుకోకుండా న్యాయవాదికి చూపించండి.

‘ఇండెంచర్’ అంటే ఒప్పందమే కదా, ఆ పేరెందుకు?

ఒకే తోలుపత్రం మీద ఒప్పందాన్ని రెండుసార్లు రాసి, మధ్యలో పళ్లు పళ్లుగా కోసి, చెరొక ముక్క ఇచ్చేవారు. తగాదా వస్తే రెండు అంచులూ ఒకదానిలో ఒకటి అమరాలి. పన్ను అనే లాటిన్ మాట అందులో ఉంది. 1860లో మద్రాసు నుంచి దక్షిణాఫ్రికాలోని నటాల్ చెరకు తోటలకు బయలుదేరిన తొలి ఓడతో మొదలై, తెలుగు కూలీలు అక్కడికి సముద్రం దాటింది ఇండెంచర్ మీదే. దక్షిణాఫ్రికాలోని తెలుగు కుటుంబాలు పూర్వీకుల వివరాలు వెతికేటప్పుడు కనబడే మాట ఇదే.

కుంఫిణీ పత్రాల్లో ‘జెంటూ’ అని ఉంది. ఎవరు వీళ్లు?

చాలావరకు మనమే. అన్యమతస్థుడు అనే అర్థమున్న పోర్చుగీసు మాట నుంచి ఇది వచ్చింది. కలకత్తా వైపు రాసిన పుస్తకాల్లో జెంటూ అంటే హిందువు. 1776లో హాల్హెడ్ ప్రచురించిన ‘జెంటూ చట్టాలు’ హిందూ ధర్మశాస్త్రాలే. మద్రాసు వైపు రాతల్లో జెంటూ అంటే తెలుగువారు, తెలుగు భాష. 1816లో ఎ.డి. క్యాంప్‌బెల్ తన తెలుగు వ్యాకరణం పేరులోనే ‘సామాన్యంగా జెంటూ అని పిలిచే’ అని చేర్చాడు. కాబట్టి ముందు పత్రం ఎక్కడ రాశారో చూడండి. అదే మద్రాసు రాతల్లో ‘మలబార్’ భాష అంటే చాలాసార్లు మలయాళం కాదు, తమిళం.

1611లో మచిలీపట్నంలో ఇంగ్లీషువాళ్లు ఫ్యాక్టరీ పెట్టారంటారు. అక్కడ ఏం తయారుచేశారు?

ఏమీ తయారుచేయలేదు. ఫ్యాక్టర్ అంటే కుంఫిణీ తరఫున కొని అమ్మే ప్రతినిధి, అతను ఉండే ఇల్లూ గోదామూ కలిపి ఫ్యాక్టరీ. బట్టలు నేసింది చుట్టుపక్కల ఊళ్ల నేతగాళ్లే. అలాగే ‘రైటర్’ రచయిత కాదు, కుంఫిణీ ఉద్యోగంలో అట్టడుగు మెట్టు గుమాస్తా. 1744లో మద్రాసు చేరిన రాబర్ట్ క్లైవ్ అలాంటి రైటరే. పాఠ్యపుస్తకాల్లో దీన్ని ‘కర్మాగారం’ అని అనువదించడం చూస్తే చికాకు వేస్తుంది, ‘వర్తక స్థావరం’ అంటే సరిపోతుంది.

## నిఘంటువులు, సొంత రాత

ఏ నిఘంటువు చూడాలి?

మీరు చదువుతున్న పుస్తకం కాలానికి దగ్గరిది. పదం ఏ సంవత్సరంలో ఏ అర్థంలో వాడారో ఉదాహరణలతో చూపేది ఆక్స్‌ఫర్డ్ పెద్ద నిఘంటువు. 18వ శతాబ్దపు రచనలకు 1755 నాటి జాన్సన్ నిఘంటువు, కుంఫిణీ మాటలకు 1886లో వచ్చిన ‘హాబ్సన్–జాబ్సన్’. 1852 నాటి బ్రౌన్ తెలుగు–ఇంగ్లీషు నిఘంటువు వాడేవారు ఒకటి గుర్తుంచుకోవాలి: అందులో అర్థం చెప్పే ఇంగ్లీషుకూ అంతే వయసు. అక్కడ ‘ఫిజిక్’ కనిపిస్తే భౌతికశాస్త్రం అనుకోకండి, మందు.

ఇంటర్నెట్‌లో తిరిగే ‘మరచిపోయిన అందమైన పదాల’ జాబితాలు నమ్మవచ్చా?

సగం నమ్మండి. చలికాలపు ఎండ వెచ్చదనాన్ని ‘ఎప్రిసిటీ’ అంటారని ఏటా డిసెంబరులో తిరుగుతుంది. ఆ పదం 1623లో హెన్రీ కాకరమ్ నిఘంటువులో ఉన్నమాట నిజమే. కానీ మనుషులు దాన్ని వాడిన దాఖలాలు దాదాపు లేవు, నిఘంటువులో పుట్టి నిఘంటువులో పడుకున్న పదం. ‘రన్సిబుల్’ ఎడ్వర్డ్ లియర్ సరదాకి పుట్టించింది, అర్థం వెతకడం వృథా. ‘డార్డ్’ కథ మరీ వింత. 1934 నాటి వెబ్‌స్టర్ నిఘంటువులో అది ‘సాంద్రత’ అనే అర్థంతో అచ్చయింది. సాంద్రతకు పెద్ద డి ‘లేదా’ చిన్న డి సంక్షిప్త గుర్తు అని రాసిన చీటీని కలిపి చదవడంతో పుట్టిన పదం అది. 1939లో సంపాదకులు కనిపెట్టారు. ఎల్లుండిని ‘ఓవర్‌మారో’ అనడం మాత్రం కల్పన కాదు, 16వ శతాబ్దంలో వాడారు. ఇంత పనికొచ్చే మాటను ఇంగ్లీషువాళ్లు ఎందుకు పారేసుకున్నారో వాళ్లకే తెలియాలి.

నా రచనలో పాత మాటలు వాడితే గంభీరంగా ఉంటుందా?

వ్యాకరణం తెలిస్తేనే. కనబడిన ప్రతి క్రియకూ ‘ఎత్’ తగిలించేవాళ్లు ఎక్కువ. ‘నేను’కూ ‘వాళ్లు’కూ ఆ ప్రత్యయం రాదు. కర్తగా దీ వాడటం మరో పొరపాటు, అది ‘నిన్ను వచ్చావు’ అన్నట్టు ఉంటుంది. చారిత్రక నవల రాస్తున్నా పాత్రల మాటల్లో అక్కడక్కడా చాలు.

‘డూ ది నీడ్‌ఫుల్’ తప్పు ఇంగ్లీషా?

తప్పు కాదు. ఒకప్పుడు బ్రిటన్‌లో మామూలుగా రాసిన మాటే. అక్కడ పాతబడింది, మన కార్యాలయాల్లో నిలిచిపోయింది. మండల కార్యాలయానికి రాసే అర్జీలో నిక్షేపంగా రాయండి, ఎవరికీ తికమక ఉండదు. విదేశీ సంస్థకు రాసేటప్పుడు మాత్రం ఆ ‘నీడ్‌ఫుల్’ ఏమిటో, ఏ తేదీలోగా కావాలో విడమరచి రాయండి.